పడే గుండు మోసుకొచ్చే శక్తి: ఒక సింహావలోకనం

బరువైనది త్వరగా పడుతుందని అరిస్టాటిల్ అన్న మాట దాదాపు రెండు వేల ఏళ్లు చెలామణి అయింది. ఆరో శతాబ్దంలోనే అలెగ్జాండ్రియా పండితుడు ఫిలోపోనస్ కాదన్నా చెవినపెట్టినవాళ్లు తక్కువ. 1586లో డచ్చి ఇంజనీరు సైమన్ స్టెవిన్, మిత్రుడు యాన్ కోర్నెట్స్ డి గ్రూట్‌తో కలిసి రెండు సీసపు గుండ్లను 30 అడుగుల ఎత్తునుంచి చెక్క మీదికి వదిలాడు. ఒకటి రెండోదానికి పది రెట్లు బరువు. చప్పుడు మాత్రం ఒక్కటే వినిపించింది. 1638లో వెలువడిన గెలీలియో గ్రంథం, గాలి అడ్డు లేకపోతే పడే వేగానికి బరువుతో నిమిత్తం లేదని తర్కంతో, గణితంతో నిలబెట్టింది.

ఇది సగం జవాబే. రెండు గుండ్లూ ఒకేసారి నేలకు చేరినా, కాలి మీద పడితే రెండూ ఒకటి కావని పసివాడికీ తెలుసు. మరి ఆ దెబ్బను దేనితో కొలవాలి?

ద్రవ్యరాశిని వేగంతో గుణిస్తే సరి అన్నారు డెకార్ట్ అనుయాయులు. 1686లో లైబ్నిట్జ్ అడ్డు తగిలాడు. ఒక పౌను బరువును నాలుగు మూరలు ఎత్తినా, నాలుగు పౌన్లను ఒక మూర ఎత్తినా పడే శ్రమ సమానమే కదా, అలాంటప్పుడు కిందపడి అవి గడించే శక్తీ సమానం కావాలన్నాడు. కానీ నాలుగు మూరలు పడిన వస్తువు వేగం రెండోదానికి రెండింతలే. డెకార్ట్ లెక్కలో ఒకదానికి 2, మరొకదానికి 4 వస్తాయి. వేగాన్ని వర్గం చేస్తే రెండింటికీ 4. ఇంత పొదుపైన వాదం శాస్త్రంలో అరుదు.

దాన్ని చేత్తో పరీక్షించినవాడు లైడెన్ ఆచార్యుడు విలెం స్‌గ్రావెసాండె. 1722 ప్రాంతంలో ఒకే సైజు, వేర్వేరు బరువులున్న ఇత్తడి గుండ్లను మెత్తటి బంకమట్టిలోకి వదిలాడు. బరువు మూడింతలైన గుండును మూడో వంతు ఎత్తునుంచి వదిలితే గుంట సరిగ్గా అంతే పడింది. లైబ్నిట్జ్ లెక్కను ఒప్పుకోని న్యూటన్ పక్షంవాడై ఉండీ, మట్టి చెప్పిన సాక్ష్యానికి తలవంచి పక్షం మార్చుకున్నాడు.

ఆ ప్రయోగ సారాన్ని ఫ్రాన్సులో చాటిన ఎమిలీ దు షాత్లే అంటే నాకు ప్రత్యేక గౌరవం. ఆడవాళ్లకు సైన్స్ అకాడమీ సభ్యత్వమే లేని రోజుల్లో, 1740 నాటి తన గ్రంథంలో వర్గపు లెక్కను సమర్థించి, అకాడమీ కార్యదర్శి మైరాన్‌తో అచ్చులోనే తలపడింది. 1749లో, 42 ఏళ్లకే, ప్రసవమైన కొద్ది రోజులకు కన్నుమూసింది. న్యూటన్ ‘ప్రిన్సిపియా’కు ఆమె చేసిన ఫ్రెంచి అనువాదం 1759లో పూర్తిగా వెలువడింది.

డెకార్ట్ లెక్కా వృథా పోలేదు. దిశను కూడా కలుపుకొని అదే నేటి ద్రవ్యవేగమైంది. 1829లో కొరియోలిస్ వర్గపు లెక్కను సగం చేసి నేటి రూపమిచ్చాడు. ఐదు మీటర్లు పడిన కిలో రాయి, రెండు కిలోల రాయి సెకనుకు 9.9 మీటర్ల వేగంతోనే నేలను తాకుతాయి. శక్తి మాత్రం ఒకదానికి 49 జౌళ్లు, మరొకదానికి 98. ఈ కొలమానానికి పేరిచ్చిన జౌల్, పడే బరువులతో నీటిలో తెడ్లు తిప్పించి ఆ శక్తి వేడిగా మారడాన్ని కొలిచాడు.

1971 ఆగస్టు 2న అపోలో 15 వ్యోమగామి డేవిడ్ స్కాట్ చంద్రుడి మీద 1.32 కిలోల సుత్తినీ, 30 గ్రాముల డేగ ఈకనూ ఒకేసారి వదిలాడు. అవి కలిసే నేలకు చేరడం ప్రపంచమంతా చూసింది. కానీ ఆ సుత్తి చంద్రుడి నేలకు అప్పజెప్పిన శక్తి ఈకకు 44 రెట్లు.