జేమ్స్ హెన్రీ కజిన్స్

జేమ్స్ హెన్రీ కజిన్స్ (1873 జూలై 22 – 1956 ఫిబ్రవరి 20) ఆంధ్రప్రదేశ్‌లోని మదనపల్లెను కార్యక్షేత్రంగా చేసుకున్న ఐరిష్ కవి, నాటక రచయిత, కళావిమర్శకుడు, దివ్యజ్ఞాన సమాజ సభ్యుడు.

బెల్‌ఫాస్ట్‌లో మెథడిస్టు కుటుంబంలో జన్మించిన కజిన్స్, 1897లో డబ్లిన్ చేరి, యేట్స్ తదితరుల ఐరిష్ సాహిత్య పునరుజ్జీవనంలో పాలుపంచుకున్నాడు. ఐరిష్ పురాగాథ ఆధారంగా రాసిన ‘ది స్లీప్ ఆఫ్ ది కింగ్’, జాలరుల జీవితాన్ని చిత్రించిన ‘ది రేసింగ్ లగ్’ నాటకాలను 1902లో ఫే సోదరుల బృందం ప్రదర్శించింది. 1903లో మార్గరెట్ గిలెస్పీని వివాహమాడాడు.

1915లో దంపతులు భారతదేశానికి వచ్చారు. అనీబిసెంట్ పత్రిక ‘న్యూ ఇండియా’లో కొంతకాలం పనిచేశాక కజిన్స్ మదనపల్లె థియోసాఫికల్ కళాశాలలో అధ్యాపకుడై, తరువాత ప్రిన్సిపాల్ అయ్యాడు. 1917లో వెలువడిన అతని గ్రంథం ‘న్యూ వేస్ ఇన్ ఇంగ్లీష్ లిటరేచర్’ అరవిందుల ‘ది ఫ్యూచర్ పొయట్రీ’ వ్యాసమాలకు ప్రేరణనిచ్చింది. 1918లో ‘ది రెనైజాన్స్ ఇన్ ఇండియా’ ప్రచురించాడు.

1919 ఫిబ్రవరిలో కజిన్స్ ఆతిథ్యంలో మదనపల్లెలో బసచేసిన రవీంద్రనాథ్ ఠాగూర్, ‘జనగణమన’ను అక్కడే ఆంగ్లంలోకి అనువదించాడు. దాని స్వరలిపిని మార్గరెట్ సిద్ధం చేసింది.

కజిన్స్ తిరువాన్కూరు సంస్థానానికి కళా సలహాదారుగా ఉన్న కాలంలో, 1935లో, తిరువనంతపురంలో శ్రీచిత్రా చిత్రశాల ఏర్పడింది. దంపతుల ఉమ్మడి ఆత్మకథ ‘వి టూ టుగెదర్’ 1950లో వెలువడింది. మార్గరెట్ 1954లో మరణించగా, కజిన్స్ 1956లో మదనపల్లెలో కన్నుమూశాడు.