ములుగు సీమ రాక్షసగుళ్ళు

ఓరుగంటికి ఈశాన్యమున గోదావరివఱకు వ్యాపించిన యడవి సీమకు ములుగు ముఖ్యపట్టణము. ఈ సీమ చిరకాలము ఓరుగల్లు జిల్లాలో నొక తాలూకాగా నుండి, 2016లో జయశంకర్ భూపాలపల్లి జిల్లాలోఁ జేరి, 2019 ఫిబ్రవరి 17వ తేదీని ప్రత్యేక జిల్లాగా నేర్పడినది. ఇచ్చటికి వచ్చు యాత్రికుని మార్గదర్శి మొట్టమొదటఁ బాలంపేటకుఁ గొనిపోవును. దేవాలయమును జెఱువును జూపును. పిదప మేడారపుఁ ద్రోవఁ బట్టించి సమ్మక్క సారలమ్మల గద్దెల దర్శనము చేయించి మరలించును. తాడ్వాయి మండలముననే దామరవాయి యను గ్రామము కడ గుట్టమీఁద నున్న రాతియిండ్లను జూడఁబోవువారు మిక్కిలి తక్కువ. పాలంపేట గుడికంటె నెన్నియో శతాబ్దములు ముందటి శ్మశానవాటిక యది. జనులు దానిని శ్మశాన మనరు, రాక్షసగుళ్ళందురు. ఈ పేరు చరిత్రకు నెంతవఱకు సాక్ష్యము కాఁగలదో విచారింపవలసియున్నది. ఏలయన, ఈ రాళ్ళకు శాసనము లేదు, ఉన్నది పేరొక్కటియే.

పేరు యొక్క బలాబలములను దెలిసికొనుటకుఁ బాలంపేటయే తగిన తావు. అచ్చటి శాసనము శ్రీముఖ సంవత్సరమునకు సరియైన శక 1135, అనఁగాఁ గ్రీస్తుశకము 1213 నాఁటిది. గణపతిదేవచక్రవర్తి సేనాని రేచర్ల రుద్రుఁడు దేవాలయమును గట్టించి, తన పేరిట రుద్రేశ్వరుని బ్రతిష్ఠించెనని దానివలనఁ దెలియుచున్నది. కాని లోకమున నది రామప్పగుడి, చెఱువు రామప్పచెఱువు. రామప్ప యనువాఁడు ఆ గుడిని జెక్కిన శిల్పి యని వాడుక. శాసనమున నా పేరే లేదు. కాకతీయసేనాని కీర్తికై చెక్కించిన పేరు ఱాతిమీఁద నిలిచినది, జనుల నోటఁ గాదు. ఆ శిలాస్తంభము భగ్నమై పోయియుండినచో, రామప్ప యను రాజును గల్పించి యాతనికి వంశావళి నొకదానిని సమకూర్చుటకుఁ బండితులు వెనుదీసియుందురా? 1919లో హైదరాబాదు పురావస్తుగ్రంథమాలలో బార్నెట్టు పండితుఁడు శాసనమును బ్రకటించుటచేతను, 1922లో యజ్దానీగారు పాలంపేట దేవాలయములపై గ్రంథము వ్రాయుటచేతను ఆ ప్రమాదము తప్పినది. 2021లో నైక్యరాజ్యసమితి విద్యావైజ్ఞానిక సాంస్కృతిక సంస్థ ఈ గుడిని బ్రపంచవారసత్వపు పట్టికలోఁ జేర్చినపుడును, కాకతీయ రుద్రేశ్వరాలయమని శాసనపుఁ బేరును, రామప్పగుడి యని జనుల పేరును రెంటిని గలిపియే వ్రాసినది.

పాలంపేటలో మఱియొక సంగతి గమనింపఁదగును. అచ్చట ఱాతఁ గట్టఁబడి నిలిచినవి దేవుని యిండ్లే. గుడి గోడలకు నెఱ్ఱని యిసుకఱాయి, స్తంభములకును మదనికావిగ్రహములకును నల్లఱాయి, శిఖరమునకు నీటఁ దేలునంత తేలికయైన యిటుక. ఇంత వస్తుపరీక్ష చేసిన ఆ కాలపువారు తాము కాపురమున్న మేడలను మాత్రము కఱ్ఱతోను మంటితోను ఇటుకలతోను గట్టుకొనిరి. కాఁబట్టి మేడలఁ జూడఁగోరు యాత్రికునికి రేచర్లవారి హర్మ్యముఁ జూపుటకు మార్గదర్శికి వీలు లేదు. దామరవాయిలో నీ భేద మింకను స్పష్టము. అచ్చట బ్రతికినవారి యిల్లు కానరాదు. చచ్చినవారి యిండ్లు మాత్రము వీధివలె బారులు తీఱియున్నవి.

గుట్ట నెక్కినవానికి మొదటఁ గానవచ్చునవి చెట్లనడుమఁ బఱచిన బల్లలవలె నున్న పెద్ద కప్పుబండలు. దగ్గఱకుఁ బోయిన కట్టడపు రీతి తెలియును. నాలుగు పలకఱాళ్ళను జదరముగ నిలువునఁ బాఁతి, గది యేర్పఱచి, దానిమీఁద నొక్క పెద్ద బండను గప్పిరి. ఆ బండ గోడలకు నాలుగు వైపులను ముందునకుఁ జొచ్చి చూరువలె నుండును. ఇట్టి గదులు పదులకొలఁది కలవు. కొన్నింట నొక ప్రక్క పలక పడిపోయి కప్పు వాలియున్నది; కొన్నిటి కప్పు జాఱి నేలఁ బడినది. ఈ జాతి సమాధులలోఁ గొన్నిటఁ బ్రత్యేకముగఁ జూడఁదగినది ఏకశిలలోఁ దొలిచిన తొట్టి. గోదావరీతీరమందలి జానంపేటలోని గదులలోను ఇట్టి తొట్లు కలవు. ఇవి శవపేటికలు. అయితే దక్షిణాపథమున ఈ తెగ సమాధులను ద్రవ్వినచోట్లఁ బెక్కింటఁ బూర్ణకళేబరము గాక, వేఱొకచోట నుంచి పిమ్మట నేఱి తెచ్చిన యెముకలే లభించినవి. కావునఁ దొట్టిని జూచినంతనే మనుష్యుని నందుఁ బరుండఁబెట్టిరని యూహింపఁగూడదు.

సున్నము లేదు, మేకు లేదు, అతుకు లేదు. బరువే బంధము. కప్పుబండ యొత్తిడిచే నిలువుపలకలు కదలక నిలుచును. కప్పును దొలఁగించినచో గోడలు వదులై వాలవచ్చును. నిధులకై యాశపడి త్రవ్వినవారు చేసిన కీడు ఇదియే. వారికి దొరకునవి కుండపెంకులు, త్రుప్పుపట్టిన యినుము, పూసలు. నష్టమగునది వేలయేండ్లు నిలిచిన యిల్లు.

ఓరుగంటి చుట్టుప్రక్కల నీ కాలపు సమాధులు గుండ్రాళ్ళ వలయములుగాఁ గనఁబడుచుండఁగా, ఇచ్చట బల్లకప్పుల గదు లేల? జాతిభేద మని తొందరపడి చెప్పనక్కఱలేదు. భూమినిఁ జూచిన సమాధానము దొరకును. ఓరుగంటి సీమ నల్లసేనపుఱాతి సీమ. ఆ ఱాయి గుండ్లుగాఁ బగులును. ములుగు దాఁటినపిదప గోదావరీలోయ యిసుకఱాయి మొదలగును. భూగర్భశాస్త్రజ్ఞులు ఇచ్చటి ప్రాచీనశిలాపంక్తులకు ములుగు, మల్లంపల్లి యను నీ యూళ్ళ పేళ్ళే పెట్టిరి. ఇసుకఱాయి పొరలు పొరలుగ నేర్పడినది. పొరవెంబడి గూటమును గొట్టినఁ బలకలుగా విడును. గుండ్లు దొరకినచోట గుండ్లను బేర్చిరి, పలకలు దొరకినచోటఁ బలకలను నిలిపిరి. రామప్పగుడి గోడలకు నిసుకఱాయి నెన్నుకొన్న శిల్పులును ఈ నేలనే నమ్ముకొనిరి.

ఇఁక పేరు. రాక్షసులన్నమాటకు విలువ యొక్కటే: ఇంత బండలను మనుష్యు లెత్తఁజాలరని చూచినవారికిఁ దోఁచెను. ఇట్టి కట్టడములను వేఱుతావులఁ బాండవుల కంటఁగట్టుటయు నీ విధమే. కాని గుడి యనుమాట విచారమునకుఁ దగినది. తెలుఁగున నిప్పు డది దేవాలయమునకే రూఢి. సోదరభాషలలో దీనికి జ్ఞాతియగు కుడి యను మాటకు నిల్లు, కుటుంబము అని యర్థములు. కర్ణాటకమునఁ గొప్పళ జిల్లా హిరేబెణకల్లు గుట్టమీఁద నిట్టి రాతిగదులే వందలకొలఁదిఁ గలవు. ఆ కొండను జనులు మోర్యర గుడ్డ మనియు, గదులను మోర్యుల మనెలనియు నందురు. మనె యనఁగా నిల్లు. శోరాపురపు సీమయందలి రాజన్‌కోళూరిలోఁ బలకకు గుండ్రని రంధ్రము తొలువఁబడినది; అది ద్వారమువలె నుండును. దూరదూరపు జనులు, భిన్నభాషలవారు, ఈ గదులను జూచి యిల్లనియే పిలిచిరి, సమాధి యనలేదు. కట్టినవారి యుద్దేశమును నదియే యని శపథముఁ జేయ వీలులేదు గాని, చూరు, గోడలు, ద్వారము గల రూపముఁ జూచిన, చచ్చినవానికి నిల్లుగట్టిరని చెప్పుట కష్టకల్పన గాదు. రాక్షసు లన్నది యాశ్చర్యమువలనఁ బుట్టిన మాట. గుడి యన్నది కంటఁ జూచినదాని వర్ణన. మొదటిదానిని వదలి రెండవదానిని గ్రహింపవచ్చును.

జనుల మాట యిట్లుండఁగా, పండితుల మాట తప్పుత్రోవఁ బట్టిన కథ మఱియొకటి కలదు. దక్కనులోని యిట్టి సమాధులను గూర్చి పందొమ్మిదవ శతాబ్దపు నడిమిభాగమున మెడోస్ టేలరు శోరాపురమునఁ ద్రవ్వకములు జరిపి వ్రాసెను. ఐరోపాఖండమునందలి కెల్టు జాతివారి సమాధులకును వీనికిని బోలిక కనిపట్టి, ఆయన శకజాతులవఱకు నూహను బోనిచ్చెను. పిదప హైదరాబాదు రాజ్యమును గొలుచుచు వచ్చిన సర్వే యుద్యోగి మల్హరాన్ గోదావరీతీరపుఁ గట్టడములను జూచి, 1868లోఁ గలకత్తాలోని ఆసియాటిక్ సంఘమువారి పత్రికలోఁ బ్రకటించెను. కాటాపురము, మల్లూరు మొదలగు తావులలో రాతిగదుల చెంత నేకశిలలో మలచిన సిలువ యాకారపు ఱాళ్ళను నాతఁడు గనుఁగొనెను. కాటాపురము తాడ్వాయి మండలముననే యున్నది. మల్లూరు మంగపేట మండలమున హేమాచల నృసింహస్వామి క్షేత్రము.

ఈ వార్త జేమ్స్ ఫెర్గూసన్ చేతఁ బడెను. ప్రపంచపు మోటఱాతి కట్టడము లన్నియుఁ జరిత్రకాలమునకే చెందినవని స్థాపింపఁబూనిన యాతఁడు 1872 నాఁటి తన గ్రంథమున మల్హరాను సంగతుల నుదాహరించి, సిలువలు క్రైస్తవమత చిహ్నములు గనుక వాని చెంతనున్న సమాధులును క్రీస్తు పిదప నెన్నియో శతాబ్దములకుఁ గట్టఁబడినవే యని తర్కించెను. ఒక్క యాకారముపై నింత మేడఁ గట్టుట సాహసము. ఆ ఱాళ్ళపై నక్షరము లేదు. సిలువయందు నిలువు కమ్మి పైభాగ మేల పొట్టిదిగ నున్నదో, అడ్డుకమ్మి యేల భుజములవలె నున్నదో యని ప్రశ్నించిన, అది శిరస్సనియు, ఇవి చేతులనియుఁ దోఁచును. ములుగు అడవులకు దక్షిణముగా గుండాల సీమలోఁ గాచనపల్లి ప్రాంతమునఁ గనఁబడిన యిట్టి ఱాళ్ళకు స్తనములు గూడఁ జెక్కఁబడియున్నవి. స్తనములుగల సిలువ యే మతమునను లేదు. ఇవి మానవాకృతులని, విశేషించి కొన్ని స్త్రీమూర్తులని, తరువాతి పరిశోధకులు నిర్ణయించుట న్యాయము. పలకఱాతినుండి మనుష్యరూపమును దీయఁబూనిన శిల్పి మెడకు నిరుప్రక్కల నొక్కొక్క ముక్కయు, చేతులక్రింద నొక్కొక్క ముక్కయుఁ గొట్టివేసినఁ జాలును, సిలువ యేర్పడును. దానికి మతాంతరమును దెచ్చిపెట్టనేల? దక్షిణాపథమున నీ జాతి సమాధులు ఇనుపయుగమునకు, అనఁగా రమారమి క్రీస్తుకు వేయియేండ్ల ముందునుండి క్రీస్తుశకారంభము వఱకుఁ గల కాలమునకుఁ జెందునని యిప్పటి సిద్ధాంతము. లోపల దొరకు నినుపపనిముట్లును, నలుపు నెఱుపు రంగుల కుండలును దానికి సాక్ష్యము.

అయినను మల్హరానునకుఁ గృతజ్ఞతఁ జెప్పవలసియున్నది. అడవినడుమ నా ఱాళ్ళను గుర్తించి యూళ్ళ పేళ్ళతో వ్రాసియుంచినవాఁడు ఆతఁడు. చూచినది వ్రాసినవాని వ్రాఁత నిలిచినది. దానిపైఁ గట్టిన సిద్ధాంతము నిలువలేదు.

ఈ యడవులలోనే నివసించు కోయలు తమ మృతులకై ఱాయి నిలుపుటయు, కర్మాంతరమునఁ జంపిన యావు తోఁకను దాని చెంతఁ గట్టుటయుఁ గలదు. ఈ యాచారమును 1940వ దశాబ్దమున హైమెన్‌డార్ఫ్ పండితుఁడు వర్ణించెను. దీనింబట్టి దామరవాయి గదులను గోయల పూర్వులే కట్టిరని కొందఱు తేలికగా ననుచుందురు. ఇది మరల ఫెర్గూసన్ దారియే. ఱాయి నిలుపుట యొకటి, ఱాతితో గది కట్టుట మఱియొకటి. నడుమ రెండువేల యేండ్ల యెడము కలదు. మృతునకు ఱాయి యీవలెనను భావము ఈ సీమను విడువలేదని మాత్రము చెప్పిన దోషము లేదు. కోయల సంప్రదాయపు టిల్లు వాసము, వెదురు, మన్ను. స్మారకమునకు మాత్రము ఱాయి.

కావున బాలురను వెంటఁగొనివచ్చు నుపాధ్యాయుఁడు పాలంపేటలో శాసనస్తంభము కడ మొదలుపెట్టుట మేలు. రుద్రేశ్వరుఁడను పేరును శాసనమునఁ జూపి, రామప్ప యను పేరును జనుల నోట వినిపించి, ఆ రెంటి యెడమును గ్రహింపఁజేసిన పిమ్మట దామరవాయి గుట్ట నెక్కింపవలెను. అచ్చట నొక్క గదిని, చెడనిదాని నెన్నుకొని, మొదట నేలను, పిదప నిలువుపలకలను, తుదకుఁ గప్పును జూపవలెను. కట్టినవారి పనియు నా క్రమముననే జరిగినది. కప్పుపై నెవ్వరు నెక్కకుండఁ జూడవలెను.

హిరేబెణకల్లు 2021లోఁ బ్రపంచవారసత్వపుఁ దాత్కాలికపు పట్టికలోఁ జేర్పఁబడినది. తెలంగాణమున నారాయణపేట జిల్లా ముడుమాలులోని నిలువురాళ్ళు 2025లో నదే పట్టిక కెక్కినవి. దామరవాయి, కాటాపురము, మల్లూరు పేళ్ళు ఇంకను నందుఁ జేరలేదు.