అడిగేవారున్న మాట: పెద్దల ఏడీహెచ్‌డీలో సంభాషణ చికిత్స

ఏడీహెచ్‌డీకి (ధ్యాస నిలవకపోవడం, దుడుకుతనం ఉండే స్థితికి) మందు ఉంటే చాలు, మాటలతో ఒరిగేదేమీ లేదన్న అభిప్రాయం వైద్యుల్లో గట్టిగా పాతుకుపోయింది. ఏ మాటను ఎవరి మీద పరీక్షించి ఈ తీర్పు ఇచ్చారని అడిగినవారు తక్కువ. కౌన్సెలింగ్ గదుల్లో కూర్చుని గమనించినకొద్దీ నాలో ఒక అనుమానం బలపడింది. పరీక్షలో తప్పింది ఒక రకం మాట, శిక్ష పడింది మాటలన్నిటికీ.

ఈ తీర్పుకు బలమిచ్చినవారిలో ముఖ్యుడు మనస్తత్వవేత్త హోవర్డ్ అబికాఫ్. ఆయన పరీక్షించిన పద్ధతికి మూలం ఇది: 1971లో మైకెన్‌బామ్, గుడ్‌మన్ అనే మనస్తత్వవేత్తలు దుడుకు పిల్లలకు స్వీయసూచన నేర్పారు. పెద్దలు పైకి చెబుతూ పని చేసి చూపిస్తారు. పిల్లవాడు అదే పైకి అనుకుంటూ చేస్తాడు, తర్వాత గుసగుసగా, చివరికి మనసులోనే. సోవియట్ మనస్తత్వవేత్తలు వైగోత్‌స్కీ, లూరియాల ఆలోచనలే దీనికి ఆధారం. మందు వాడే పిల్లలకు ఈ తరహా శిక్షణ జోడిస్తే అదనపు మేలు కనబడలేదని 1985లో అబికాఫ్, రేచెల్ గిటెల్‌మన్ తేల్చారు. ఆ ఫలితాన్ని నేను కాదనను. నా అభ్యంతరమల్లా దాన్ని సాగదీసిన తీరు మీదే. పిల్లవాడు తనలో తాను అనుకునే మాటకు వినేవారు లేరు, మర్నాడు అడిగేవారూ లేరు. అలాంటి మాట ఓడిపోతే ఇద్దరి మధ్య నడిచే సంభాషణ ఎలా ఓడినట్టు? పైగా 2013లో అబికాఫ్ బృందమే 158 మంది పిల్లల మీద వస్తువులు, సమయం, పనులు సర్దుకునే శిక్షణను పరీక్షించి మంచి ఫలితాలు చూపింది. తల్లిదండ్రులకు, ఉపాధ్యాయులకు ఇచ్చిన శిక్షణ కూడా అందులో దాదాపు అంతే పనిచేసిందన్నది నిజమే.

అసలు సాక్ష్యం పెద్దల దగ్గర ఉంది. 2010లో వెలువడిన పరీక్షలో స్టీవెన్ సాఫ్రెన్ బృందం బోస్టన్‌లోని మసాచుసెట్స్ జనరల్ ఆసుపత్రిలో 86 మందిని తీసుకుంది. అందరూ మందు వాడుతున్నవారే, అయినా లక్షణాలు మిగిలే ఉన్నాయి. సగం మందికి సీబీటీ (ఆలోచనలను, అలవాట్లను మార్చే కాగ్నిటివ్ బిహేవియర్ థెరపీ), సగం మందికి రిలాక్సేషన్‌తోపాటు జబ్బు గురించిన అవగాహన. ఇరువర్గాలకూ చికిత్సకుడితో 12 సమావేశాలు. ఎవరికి ఏ చికిత్స అందిందో తెలియనివారు అంచనా వేస్తే మెరుగైనవారు సీబీటీలో 67 శాతం, రెండో వర్గంలో 33 శాతం. అంటే ఆదరంగా మాట్లాడే మనిషి ఎదురుగా ఉన్నంత మాత్రాన సరిపోలేదు. ఏం మాట్లాడారన్నదే తేడా. క్యాలెండరు, పనుల జాబితా, తన ధ్యాస ఎన్ని నిమిషాలు నిలుస్తుందో కొలుచుకుని పనిని అంత ముక్కలుగా విడగొట్టుకోవడం, మధ్యలో తోచిన ఆలోచనను కాగితం మీద పెట్టి తిరిగి పనిలోకి రావడం. ఇంటి దగ్గర చేసింది ఏమిటో తర్వాతి సమావేశంలో చెప్పాలి. అదే ఏడాది ఫలితాలు వెలువడిన, మేరీ సొలాంటో 88 మందితో నడిపిన 12 వారాల బృంద చికిత్స కూడా ఓదార్పు తరహా బృంద చికిత్సను మించింది.

నేను చూసిన ఒక సమావేశంలో ఓ యువకుడు కరెంటు బిల్లు మళ్లీ కట్టలేదన్నాడు. కౌన్సెలర్ మందలించలేదు. "అలారం మోగినప్పుడు ఎక్కడున్నారండీ?" అని అడిగింది. కాసేపు ఆలోచించి, ఆఫీసులో టీకి లేస్తున్నప్పుడు మోగిందని, ఆపేసి వెళ్లిపోయానని చెప్పాడు. అలారం ఉదయం టిఫిన్‌కు ముందుకు మారింది. వారం తర్వాత ఆమె మొదట అడిగింది బిల్లు సంగతే, అతను రసీదు చూపించాడు. చేయాల్సింది అతనికి ముందే తెలుసు. తెలిసినదాన్ని ఆ సమయానికి, ఆ చోటికి చేర్చింది ఆ ప్రశ్నే.

ఎదురు సాక్ష్యమూ ఉంది. జర్మనీలో 433 మంది పెద్దలతో జరిగి 2015లో వెలువడిన పరీక్షలో బృంద చికిత్స మామూలు వైద్య పర్యవేక్షణను మించలేదు, కానీ ఆ పర్యవేక్షణలోనూ వైద్యులు ఒక్కొక్కరితో విడిగా మాట్లాడుతూనే ఉన్నారు.

కాబట్టి ఈ చికిత్సలో పనిచేసే మూలకం వారం వారం వచ్చే ప్రశ్నే కావచ్చని నా అనుమానం. అదే నిజమైతే దానికి పెద్ద ఆసుపత్రి అక్కర్లేకపోవచ్చు, అడగడం నేర్చిన నర్సు, ఒక నోటుబుక్కు ఉంటే చాలవచ్చు. జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమం ఏడీహెచ్‌డీ ఉన్న పెద్దలకు మందుల చీటీ మీదే వచ్చేవారం రావలసిన తేదీ, ఆలోపు చేయవలసిన ఒక పని రాసివ్వడం మొదలుపెట్టాలి.