చిలకలో ప్రాణం

చిన్నప్పుడు విన్న కథల్లో మాంత్రికులు ప్రాణాన్ని ఏడు సముద్రాల అవతల ఓ చిలకలో దాచుకుని నిశ్చింతగా ఉండేవారు. ఎన్ని మాయలొచ్చినా, పరిగెత్తే కాలాన్ని పట్టి నిలబెట్టే విద్య మాత్రం వాళ్ళకీ అబ్బినట్టు లేదు. ఆ పని మీద మనుషులు పడ్డ పాట్లేమిటో తెలుసుకోవాలంటే ఎక్కడికో పోనక్కర్లేదు. మా నెల్లూరు సముద్రతీరం చాలు.

మన పూర్వులు రోజుని 60 గడియలు చేశారు. గడియంటే 24 నిమిషాలు. అడుగున సన్నటి చిల్లున్న రాగి గిన్నెని నీళ్ళ తొట్టిలో వదిలితే, అది నిండి మునిగేసరికి ఓ గడియ. పెళ్ళి ముహూర్తాలు దాని మీదే నడిచేవి. చిల్లుకి నాచు పట్టినా, పక్కన కూర్చున్నవాడికి కునుకు పట్టినా లగ్నం తప్పిందన్నమాటే! కాలం కుదురుగా ఉండాలంటే ఎవరో ఒకరు మేలుకుని కాపలా కాయాలన్న సంగతి ఆ గిన్నె దగ్గరే తెలిసింది.

తరువాత దొరలొచ్చారు. 1792లో ఈస్టిండియా కంపెనీ మద్రాసులో ఖగోళ వేధశాల కట్టించింది. నక్షత్రాల మీద మోజు కొంతయితే, ఓడల మీద బెంగ మరికొంత. భూమి 4 నిమిషాలకో డిగ్రీ తిరుగుతుంది కదా! టైములో 4 నిమిషాలు తప్పితే, మా తీరం దగ్గర ఓడ ఉన్నచోటు లెక్కలో వంద కిలోమీటర్ల పైచిలుకు పక్కకి పోతుంది. కాలం తెలియకపోతే దారీ తెలియదన్నమాట. రైళ్ళొచ్చాక ఆ మద్రాసు టైమే రైల్వేలకి ఆధారమైంది. 1906 జనవరి 1 నుంచి ఇప్పటి ఇండియన్ టైము వచ్చింది. అది మద్రాసు టైముకన్నా 9 నిమిషాలు ముందు. అందుకే నెల్లూరులో సూర్యుడు నడినెత్తికొచ్చేసరికి, ఏడాది సగటున, గడియారంలో పన్నెండు దాటి పది నిమిషాలవుతుంది. మా అమ్మమ్మ చూరు నీడనే నమ్మింది గానీ, గోడ గడియారాన్ని ఏనాడూ నమ్మలేదు!

ఇక శ్రీహరికోట. పులికాట్ సరస్సుకీ బంగాళాఖాతానికీ నడుమ, యానాదులు బతికిన అడవి దీవి. 1969లో దాన్ని రాకెట్ల కోసం ఎంచుకున్నారు. 1971 అక్టోబరు 9న మొదటి చిన్న రాకెట్ ఎగిరింది. 2022లో జిల్లాలు విడదీసినప్పుడు అది తిరుపతి జిల్లాలోకి వెళ్ళింది గానీ, మా నోటికి ఇంకా నెల్లూరు శ్రీహరికోటే.

దారి చూపించే ఉపగ్రహాల్లో మొదటిది ఇక్కణ్ణించే 2013 జూలై 1న వెళ్ళింది. ఏడోది 2016 ఏప్రిల్ 28న. ఈ ఏర్పాటుకి 'నావిక్' అని పేరు పెట్టారు. ఇంతకీ ఇవి చేసే పనేమిటంటారా? ఆకాశంలోంచి టైము చెప్పడం! ఆ కబురు మన చేతిలోని పరికరానికి ఎంత ఆలస్యంగా చేరిందో చూసి, మనం ఎక్కడున్నామో లెక్క కడతారు. కబురు వచ్చేది వెలుగు వేగంతో. అంటే సెకనులో పదిలక్షల వంతు పొరపాటు జరిగితే 300 మీటర్లు తేడా. అందుకని లోపల అణుగడియారాలు పెడతారు. రుబిడియం అనే లోహపు అణువులు సెకనుకి 683 కోట్ల పైచిలుకు లయకే పలుకుతాయి. ఆ లయని పట్టుకుని గడియారాన్ని అటూ ఇటూ జారకుండా నిలబెడతారు. ఒక్కో ఉపగ్రహంలో అలాంటివి మూడు.

ఆ మూడూ స్విట్జర్లాండ్ నుంచి కొనితెచ్చినవే. చిలక ఏడు సముద్రాల అవతలిదన్నమాట!

2017 మొదట్లో తెలిసింది, మొదటి ఉపగ్రహంలోని మూడు గడియారాలూ ఆగిపోయాయని. మిగతా ఒళ్ళంతా బాగానే ఉంది. ప్రాణమే లేదు. బదులుగా 2017 ఆగస్టు 31న ఇంకోదాన్ని పంపిస్తే, పైనున్న కవచం ఊడలేదు. పల్లకీ తలుపు తెరుచుకోని పెళ్ళికూతురిలా ఉపగ్రహం లోపలే ఉండిపోయింది. 2018 ఏప్రిల్ 12న పంపింది చేరుకుంది. ఈలోగా అహమదాబాదులోని మన అంతరిక్ష శాస్త్రజ్ఞులు సొంతంగా రుబిడియం గడియారం తయారుచేశారు. 2023 మే 29న అది శ్రీహరికోట నుంచి పైకి వెళ్ళింది. దాని తరువాతిది 2025 జనవరి 29న వెళ్ళింది. శ్రీహరికోటకి అది నూరో ప్రయోగం. రాకెట్ తన పని తాను చేసింది గానీ, ఉపగ్రహంలో వాల్వులు తెరుచుకోక, చేరవలసిన కక్ష్యకి అది చేరలేదు. గడియారం మనదైతే సగం పని అయినట్టు. తక్కిన సగానికి ఇంకా మేలుకుని ఉండాల్సిందే.

అరువు సొమ్ము బరువు చేటంటారు పెద్దవాళ్ళు. నగల సంగతి అందరికీ తెలుసు. సెకన్లకీ ఆ సామెత వర్తిస్తుందని ఈ పన్నెండేళ్ళ కథ చెబుతోంది.

ఇదంతా శాస్త్రజ్ఞుల గొడవ, మనకెందుకంటారేమో! మా తీరంలో వేటకెళ్ళేవాళ్ళు ఒకప్పుడు వేగుచుక్కనీ, పిల్లలకోడినీ చూసి పడవ తిప్పుకునేవారు. మబ్బు కమ్మితే అవీ లేవు. ఇవాళ పడవలో ఉన్నది అమెరికా వాళ్ళ జీపీఎస్ అయినా, మన నావిక్ అయినా, దారి చెప్పేది పైనున్న ఆ గడియారమే. తుఫాను హెచ్చరిక వచ్చిన సాయంత్రం మైపాడు ఒడ్డున నిలబడి ఎదురుచూసే ఇల్లాలికి రుబిడియం పేరు తెలియనక్కర్లేదు. పెనిమిటి ఇంటికొచ్చే దారి ఆ చిలక గుండె చప్పుడులో ఉంది. దాన్ని కాపాడేవాళ్ళకి కునుకు పట్టకుండా ఉంటే ఆమెకంతే చాలు.