దొరలింట్ల పుట్టినాయన తీసిన సిన్మాలు

దగ్గరికి జరిగి కూసోండ్రి బిడ్డా, చలి పెడ్తుంది. ఇయ్యాల బి. నర్సింగరావు ముచ్చట చెప్త.

మన గజ్వేల్ దిక్కు ప్రజ్ఞాపూర్ ఆయనది. 1946ల పుట్టిండు, దొరలింట్ల. దొర అంటే ఏందో మీకెర్క లేదు. దొర ఉండే గడి ముంగట చెప్పులిడిసి నడవాలె. వెట్టికి పిలిస్తే పొలంల నాట్లున్నా, ఇంట్ల పిల్లకు జరమొచ్చినా పోవాలె. దొరబిడ్డ అత్తగారింటికి పోతుంటే ఎంబడి ఒక పేదింటి పిల్లను పంపేటోళ్లు, ఆడబాప అని. ఆ పిల్లకు పెండ్లి లేదు, కూలి లేదు. దొర రమ్మంటే రావాలె, కడుపొస్తే తీపిచ్చుకోవాలె. మా అమ్మ ఈ ముచ్చట గొంతు తగ్గిచ్చి చెప్పేది, దొరలు పట్నం పోయి గడి కూలినంక గూడ.

గసొంటి పిల్ల కథనే నర్సింగరావు 1988ల 'దాసి' అని తీసిండు. దాసి వేషం అర్చన కట్టింది. మన ఆడోళ్ల బొమ్మలేస్తడు సూడుండ్రి, తోట వైకుంఠం, ఆయననే కళాదర్శకుడు. 5 జాతీయ అవార్డులొచ్చినయి. నాకు మాత్రం పెద్ద ముచ్చట ఏందంటే, దొరలింట్ల పుట్టి గూడ ఆయన గడిని దాసి దిక్కు నిలవడి సూశిండు. ఎంత గుండె ఉండాలె దానికి!

అంతకుముందు 'మా భూమి' ఉండనే ఉంది, 1980ల వచ్చింది. డైరెక్షన్ గౌతమ్ ఘోష్‌ది, తీయించినోళ్లల్ల నర్సింగరావు ఒకడు. గద్దరన్న గొంగడేసుకొని బండి యాదగిరి పాట పాడింది అండ్లనే.

నర్సింగరావు తీసిన 'మా ఊరు' సంగతి చాన మందికి తెల్వదు. అది డాక్యుమెంటరీ, 1987ది. హీరో లేడు, కొట్లాట లేదు, తెలంగాణ పల్లె బతుకే ఉంది. మా కాలంల సిన్మాల మన మాట వినవడ్డదంటే నవ్విచ్చెటోని నోట్లనో, రౌడీ నోట్లనో. కల్లు గీసుడు, మగ్గం నేసుడు, బోనమెత్తుడు కెమెరాతోని పట్టి దాసుకోవాలెనని ఎవలనుకున్నరు? ఆయన అనుకున్నడు. దానికి గూడ జాతీయ అవార్డొచ్చింది.

ఇప్పుడు మీ అందరి జేబులల్ల కెమెరాలున్నయి. బతుకమ్మకు ఊరికొచ్చినప్పుడు ముసలోళ్లను కూసోబెట్టి అడుగుండ్రి: ఎవలింట్ల పని చేసిండ్రు, కూలేమిచ్చిండ్రు, నాట్లేసుకుంట ఏం పాట పాడిండ్రు. మధ్యల మాట్లాడకుండ్రి, చెప్పనియ్యుండ్రి. వెట్టి చేసినోళ్లు ఊర్లె ఇంక ఒకరిద్దరే మిగిలిండ్రు బిడ్డా.