కోడూరు బిడ్డ కట్టిన ద్వారక

మా ఊళ్లో పెళ్లి జరిగితే, విస్తళ్లు వేసేవేళ మైకులో ‘మాయాబజార్’ భోజనం పాట పెట్టాల్సిందే. ఆ గొంతు మాధవపెద్ది సత్యం గారిదనీ, ఆయన 1922లో ఇక్కడే, బ్రాహ్మణకోడూరులో పుట్టారనీ చిన్నపిల్లలు కూడా చెబుతారు. ఘటోత్కచుడు కూర్చుని తిన్న ఆ వంటశాలను రూపుకట్టింది ఎవరని అడగండి. పెద్దవాళ్లు కూడా తడుముకుంటారు. ఆయనా ఈ ఊరివాడే, ఆ ఇంటిపేరువాడే. మాధవపెద్ది గోఖలే. సత్యం గారికంటే అయిదేళ్లు పెద్ద.

పొన్నూరు పక్కన, వరిచేల నడుమ ఉంటుంది మా ఊరు. వరి కోశాక మినుము. మద్రాసు పోవాలంటే నిడుబ్రోలులో రైలెక్కాలి. గోఖలే గారు మద్రాసు వెళ్లి అక్కడి ఆర్ట్స్ స్కూల్లో చిత్రకళ నేర్చుకున్నారు. సినిమాల్లో కళాదర్శకుడిగా స్థిరపడ్డారు. ‘మా. గోఖలే’ పేరుతో కథలూ రాశారు. ‘బల్లకట్టు పాపయ్య’ చదివినవాళ్లకు తెలుస్తుంది, పల్లెటూరి కష్టజీవిని ఆయన ఎంత దగ్గరగా చూశారో. కథల్లో అంత నేల వాసన ఉన్న మనిషి తెరమీద దేవతల పట్టణాలు కట్టారంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

విజయా సంస్థలో ఆయనకు జోడీ కళాధర్. ‘పాతాళభైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘గుండమ్మ కథ’ (1962) ఇద్దరూ కలిసి చేసినవే. విజయా నిర్మాతల్లో నాగిరెడ్డి గారిది కడప జిల్లా. చక్రపాణి గారు మాత్రం మా పొరుగు తెనాలివారు. మద్రాసు స్టూడియోలో నిర్మాతా, కళాదర్శకుడూ మా వైపు యాసలోనే మాట్లాడుకుని ఉంటారని ఊహించుకుంటే నాకు బోలెడు సంతోషం.

1957లో వచ్చిన ‘మాయాబజార్’ దగ్గర కాస్త ఆగాలి. ముందు గోఖలే గారు బొమ్మలు గీయాలి, తర్వాతే వడ్రంగి చేతికి ఉలి. ఆ చిత్రానికి లైట్‌మెన్, వడ్రంగులు, రంగులవాళ్లు సహా 400 మంది పనిచేశారు. ద్వారక నగరం కోసం 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పు స్థలంలో అట్టతో 300 చిన్న ఇళ్లు చేసి, ఒక్కో ఇంట్లో ఒక్కో దీపం పెట్టారు. మార్కస్ బార్ట్‌లే కెమెరా దాన్ని మహానగరం చేసింది. మా ఊళ్లో ఓ మోస్తరు ఇంటి దొడ్డిలో పట్టేంత జాగా అది!

ఇంకో సంగతి. ఆ కథే సెట్టు కట్టే కథ. కౌరవుల కోసం ఘటోత్కచుడి పరివారం లేని విడిదిని, లేని బజారును నిలబెడుతుంది. కౌరవుల తరపున వచ్చిన శర్మ, శాస్త్రులను ముప్పుతిప్పలు పెట్టే గిల్పం, గింబళి అనే సామాన్లయితే నటులతో సమానంగా నటిస్తాయి. రాక్షసులు మంత్రంతో చేసినట్టు కనిపించేదంతా గోఖలే, కళాధర్, ఆ వడ్రంగులు చెక్కతో, గుడ్డతో, రంగుతో చేశారు. కళాదర్శకుడి వృత్తిని ఇంత బాగా చూపించిన తెలుగు సినిమా మరొకటి నాకు తెలియదు.

1981లో గోఖలే గారు పోయారు. పాట రికార్డులో మిగిలింది, ప్రతి పెళ్లికీ మోగుతోంది. సెట్టు సంగతి అలా కాదు. షూటింగు అయిపోగానే విప్పేస్తారు, ఆ చెక్కే ఇంకో సినిమాలో ఇంకో గోడవుతుంది. అందుకేనేమో మా ఊరు ఒకరిని గుర్తు పెట్టుకుని, ఇంకొకరిని పోగొట్టుకుంది. ఇది నన్ను బాధిస్తుంది.

పండక్కి మనవలొస్తే ‘మాయాబజార్’ పెడతాను. మొదట్లో పేర్లు వచ్చేటప్పుడు గోఖలే, కళాధర్ దగ్గర బొమ్మ ఆపి, ఆ మొదటి పేరు పైకి చదవమంటాను. ద్వారక కనిపించగానే మళ్లీ ఆపుతాను. పిల్లలు తెర దగ్గరకు జరిగి దీపాలు లెక్కపెట్టడం మొదలుపెడతారు.