పౌరుషము

పౌరుషమను మాట మన యూళ్లలో నెవ్వరికిని క్రొత్తది కాదు. ఎద్దులను బేరమాడునపుడు "ఈ గిత్తకు పౌరుషము కలదు, ములుగఱ్ఱ తగులకుండనే లేచును" అని అమ్మువాడు చెప్పును. కోడిపుంజును చంకనిడుకొని వచ్చువాడును ఆ మాటయే యనును. మాటపడి యూరకున్న వానిని "ఉప్పు కారము తినుట లేదా?" అని యడుగుదురు; ఆ ప్రశ్నలోని భావమును ఇదియే. అత్తవారింట నొకమాట యనిపించుకొని ఆ పూట విస్తరిముందునుండి లేచిపోయిన యల్లుని గూర్చియు, పుట్టింట మర్యాద తక్కువయైనదని వాకిటనుండియే మరలిపోయిన ఆడుబిడ్డను గూర్చియు "పౌరుషము గలవారు" అనియే చెప్పుకొందురు. పశువునకు, పక్షికి, స్త్రీకి, పురుషునికి సమానముగా చెల్లుచున్న యీ మాట పురుషశబ్దమునుండి పుట్టినదని తలచినపుడు కొంత వింతగానే యుండును. ఇది యెక్కడ పుట్టి, యెట్లు నడచి, మన రచ్చబండకు చేరినదో మీకు మనవి చేసెదను.

మగతనము, శౌర్యము అను నర్థములు అట్లుండనిండు. ఈ మాటకు పూర్వులు చెప్పిన యర్థములలో నొకటి కొలత. మనుష్యుడంత లోతు, ఏనుగంత లోతు అని చెప్పుటకై పాణిని తన వ్యాకరణమున పురుష, హస్తి శబ్దములకు ప్రత్యేకముగా నొక సూత్రము వ్రాసెను. అమరసింహుడు తన కోశమున, చేతులు పైకెత్తి నిలుచున్న మనుష్యుని కొలతకు పౌరుషమని పేరు చెప్పెను. కౌటిల్యుని అర్థశాస్త్రము చిరకాలము కానరాకుండి, 1905లో మైసూరున శామశాస్త్రిగారి చేతికి వ్రాతప్రతిగా దొరకి, 1909లో అచ్చుపడినది. అందు గోతుల లోతునకు 84 అంగుళముల కొలత చెప్పి దానిని ఖాతపౌరుషమనిరి. ఆ యంగుళమును నేటి యంగుళములో ముప్పాతికగా లెక్కించినచో ఇది 5 అడుగుల 3 అంగుళములగును. బావి త్రవ్వించునపుడు "మూడు నిలువుల లోతున నీరు పడినది" అని మనమందుము గదా! ఆ నిలువే యీ పౌరుషము.

ఆ గ్రంథమందే నీడనుబట్టి ప్రొద్దు తెలిసికొను లెక్కయు నున్నది. అచ్చట 12 అంగుళముల పొడవునకు ఛాయాపౌరుషమని పేరు. నీడ యెనిమిది పౌరుషములున్నపుడు పగటిలో పదునెనిమిదవ పాలు గడచినది. నీడ తగ్గి యొక్క పౌరుషమైనపుడు నాల్గవ పాలు, అనగా జాము గడచినది. అడుగులతో నీడ కొలిచి ప్రొద్దు చెప్పగల పెద్దలు మీలో నున్నచో వారికి ఈ లెక్క వివరింప నక్కఱలేదు. ఇంతవరకు ఈ మాటకు మీసముతో గాని కత్తితో గాని యే సంబంధమును లేదని మాత్రము గమనింపుడు.

పురుషుడనగా మగవాడే కానక్కఱలేదు, మనుష్యుడు. మీమాంసకులు వేదమును అపౌరుషేయమనిరి. మగవాడు చెప్పినది కాదని దాని యర్థము కాదు. మనుష్యుడెవ్వడును రచించినది కాదని. వ్యాకరణమున "నేను" అనుట ఉత్తమపురుష. మన యింటి ఇల్లాలు "నేను" అన్నను అది పురుషయే.

ఈ మాట నిజముగా బరువెక్కినది దైవమను మాటకు ఎదురుగా నిలిచినప్పుడు. మనుష్యుని చేతిలో లేనిది దైవము, మనుష్యుడు చేయునది పౌరుషము. దీనినే పురుషకారమనియు నందురు. భారతమున ఆనుశాసనిక పర్వమునందు, ఈ రెంటిలో నేది గొప్పదని ధర్మరాజు అంపశయ్యపైనున్న భీష్ముని నడిగెను. పూర్వము వసిష్ఠునకు బ్రహ్మ యిచ్చిన సమాధానమును భీష్ముడు వినిపించెను. అది సేద్యము తెలిసినవాని సమాధానము. దైవము విత్తనము, పౌరుషము పొలము, రెండును కలిసిననే పంట యని దాని సారము. మనలో పలువురు దీనిని తలక్రిందుగా చెప్పుదురు: పొలము దేవుడిచ్చినది, విత్తుట మన పని యని. బ్రహ్మ యట్లు చెప్పలేదు. విత్తనములో నేమున్నదో మన కన్నునకు కానరాదు. పొలమన్ననో, పొదలు కొట్టి, రాళ్లేరి, గట్టువేసి, ఎరువు తోలి చేసికొనవలసినది. యాజ్ఞవల్క్యుడును, ఒక్క చక్రముతో బండి నడవనట్లే పురుషకారము లేక దైవము ఫలింపదని తన స్మృతిలో చెప్పెను. యోగవాసిష్ఠమున వసిష్ఠుడు మఱియు ముందునకు పోయి, దైవమనునది మనము మునుపు చేసిన పౌరుషమే గాని వేఱు కాదనియు, పాత పౌరుషమును క్రొత్త పౌరుషమును పొట్టేళ్ల జోడువలె ఢీకొనుననియు, బలము గలదే గెలుచుననియు శ్రీరామునకు బోధించెను.

ఇది పుస్తకములలోని మాట మాత్రమే కాదు. కడప జిల్లా పోరుమామిళ్లలో 1369 నాటి చెఱువు శాసనము రెండు రాతిపలకలపై నున్నది. విజయనగరపు బుక్కరాయల కుమారుడు భాస్కరుడు, భవదూరుడని మఱియొక పేరు గలవాడు, ఆ చెఱువు కట్టించెను. మంచి చెఱువునకు కావలసిన పండ్రెండు అంగములును, చెఱువునకు రాగల ఆఱు దోషములును ఆ శాసనమున చెప్పబడినవి. దినమునకు వేయిమంది కూలీలు, నూఱు బండ్లు, రెండేండ్లు పనిచేసినట్లు వ్రాయబడియున్నది. వాన దైవాధీనము. కట్ట వేయిమంది కూలీల పని. పౌరుషమను మాటకు పూర్వులు చెప్పిన యర్థమును చూడదలచినవారు ఆ కట్టపై నిలువబడి చూడవచ్చును.

మఱి యీ మాట అవమానము వైపునకు ఎప్పుడు తిరిగినది? ఇదమిత్థమని యొక తేదీ చెప్పుటకు వీలు లేదు గాని, తిరుగుట మాత్రము కావ్యములయందే కాననగును. భట్టనారాయణుని వేణీసంహార నాటకమున, సూతుని కొడుకువని అశ్వత్థామ యెత్తిపొడువగా, పుట్టుక దైవము చేతిది, తన పౌరుషము తన చేతిదని కర్ణుడు బదులు చెప్పెను. ఇది దైవపౌరుషముల పాత వాదమే. అయినను ఇచ్చట అది మాటపడినవాని నోటినుండి వచ్చినది.

ఇంతకంటెను మనసును కలచు ఘట్టము వాల్మీకి యుద్ధకాండమున నున్నది. రావణుడు కూలినపిమ్మట శ్రీరాముడు సీతను తన యెదుటికి రప్పించి, పౌరుషముచేత చేయవలసినదంతయు చేసితిననియు, దైవము తెచ్చిపెట్టిన దోషమును మనుష్యుడనై జయించితిననియు చెప్పెను. అంతవరకు అది వసిష్ఠుడు బోధించిన పౌరుషమే. ఆ నోటితోనే శత్రువును, అవమానమును కలిపి పెకలించితిననియు, ఈ శ్రమ నీకొఱకు కాదు, అపవాదమును తుడుచుకొని వంశకీర్తిని నిలుపుకొనుటకనియు పలికెను. సేతువు కట్టించిన పౌరుషము ఒక్కసారిగా లోకుల మాటకు జడియు పౌరుషమైనది. దానికి సీత కన్నీరు తుడుచుకొని యిచ్చిన యుత్తరమును పురాణము వినువారు తొందరలో దాటిపోవుచుందురు. కోపమునకు వశుడవై అల్పుడైన మనుష్యునివలె మాటలాడితివని ఆమె యనినది. మహాకవి ఇద్దఱి మాటలను దాచక వ్రాసెను. నేను తీర్పు చెప్పువాడను కాను.

ఇక మన తెలుగునకు వత్తము. మనకు స్వంత మాటలు లేకపోలేదు: మగతనము, మగటిమి, మగసిరి. వీనికి మూలమైన మగ యను మాట కన్నడమున కొడుకును, అరవమున మకన్ అను రూపమున కొడుకును చెప్పును. మనకు మగడై భర్తను చెప్పినది. మగువ యను మాటయు ఆ కుటుంబములోనిదే యని భాషావేత్తల మతము. ఈ మాటలు కావ్యములలో నిలిచిపోయినవి. రచ్చబండకు వచ్చినది సంస్కృతపు పౌరుషమే.

వచ్చినపుడు మాత్రము దాని క్రియ మారినది. సంస్కృతమున పౌరుషము మనుష్యుడు చేయునది, చేయకున్న లేనిది. తెలుగున "పౌరుషము చేసినాడు" అని యెవ్వరైన ననగా విన్నారా? మనకు పౌరుషము వచ్చును. పొడుచుకొని వచ్చును. కోపము వచ్చినట్లు, జ్వరము వచ్చినట్లు, తుమ్ము వచ్చినట్లు వచ్చును. దైవమునకు ఎదురుగా నిలుచుటకు పుట్టిన మాట మన నోట దైవమువలెనే మీద వచ్చిపడు మాటయైనది. వచ్చిన పౌరుషమునకు బాధ్యుడెవ్వడు? "ఏమి చేయుదును, పౌరుషము వచ్చినది" అని చెప్పిన వానిని మన తగవులలో సగము క్షమించియే కూర్చుందుము.

అట్లు వచ్చిన పౌరుషములకు మన చరిత్ర పెద్ద వెల చెల్లించినది. పండ్రెండవ శతాబ్దపు పలనాటి కథ మీరెఱిగినదే. దానిని శ్రీనాథుడు ద్విపదగా వ్రాసెనందురు. అక్కిరాజు ఉమాకాంతముగారు 1911లో అచ్చు వేయించిరి. దాయాదులు, కోడిపందెము, ఓడినవారికి ఏడేండ్ల వలస, గడువు తీరినపిమ్మట రాయబారము, రాయబారి అలరాజు చావు, నాగులేటి యొడ్డున కారెంపూడి రణము. ఈ కథలో ఒక ప్రక్క మంత్రిత్వము నడిపినది నాయకురాలు నాగమ్మ. జనులు ఆమె యెత్తులను నిందించిరి గాని ఆమెకు పౌరుషము లేదని మాత్రము అనలేదు.

బొబ్బిలి కథ దగ్గఱిది గనుక మఱింత నొప్పించును. 1757 జనవరి 24వ తేదీన పరాసు సేనాని బుస్సీ ఫిరంగులును, విజయనగరము విజయరామరాజు బలగమును కోటను ముట్టడించినవి. కోట నిలువదని తెలిసినప్పుడు లోనివారు తమ స్త్రీలను, పిల్లలను తమ చేతులతోనే చంపి, పిమ్మట తాము పోరి కూలిరి. రాజా రంగారావు పసికొడుకు తప్పింపబడి బ్రతికెను. కొలది దినములలో తాండ్ర పాపారాయుడు రాత్రివేళ గుడారము చొచ్చి విజయరామరాజును చంపి తానును చచ్చెను. ఈ కథను బుఱ్ఱకథగా విని నేనును చిన్ననాడు ఒడలు మఱచినవాడనే. ఆ కోటలో మగవారి పౌరుషము కత్తిపట్టినది. స్త్రీల పౌరుషమేమి కోరినదో కథకుడు చెప్పడు, వినువారును అడుగరు.

కోటలు లేని చోట గట్లున్నవి. నేను ఎఱిగిన యొక గ్రామమున మూరెడు గట్టుకొఱకు రెండు కుటుంబములకు పౌరుషము వచ్చినది. మునసబు కోర్టునుండి పైకోర్టువఱకు పదునాలుగేండ్లు నడిపించిరి. ఖర్చులకై ఒకరి వెనుక నొకరు ఆ గట్టునకు ఇరుప్రక్కలనున్న పొలములనే అమ్ముకొనిరి. రెంటిని కొన్న మూడవవాడు మొదటి దుక్కిలోనే ఆ గట్టును దున్ని రెండు చెక్కలను ఒకటి చేసెను.

రాణి రుద్రమదేవిని ఇచ్చట తలచుకొనక తప్పదు. కాకతీయ గణపతిదేవుని కుమార్తె. 1262నుండి 1289వఱకు ఆమె రాజ్యము. శాసనములు ఆమెను రుద్రదేవమహారాజని మగపేరుతో వ్యవహరించినవి. నల్లగొండ జిల్లా చందుపట్ల శాసనము 1289లో ఆమె మరణించిన సంగతిని దెలుపుచున్నది. పేరు మార్చినది లోకము కొఱకు; ఆ యేండ్ల పని యామెదే. కొలత పౌరుషమైనచో, పేరేదైనను ఎత్తు ఎత్తే గదా.

పాత యర్థమున పౌరుషము మన నేలపై అంతరించినదని నేననుకొనను. చీరాల పేరాలల సంగతి మీ తాతలు చెప్పగా విన్నవారుందురు. రెండూళ్లను కలిపి పురపాలకసంఘమును చేసి పన్ను హెచ్చించినపుడు జనులు వలదనిరి. ప్రభుత్వము వినలేదు. 1921లో దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారి నాయకత్వమున సుమారు 13,000 మంది తమ యిండ్లకు తాళములు వేసి, ఊరి పొలిమేరలు దాటి, రామనగరమని పేరు పెట్టుకొన్న పాకలలోనికి పోయిరి. ఎవ్వరిపైనను కత్తి యెత్తలేదు. ఎండకాలము పోయినది, వానకాలము వచ్చినది. వృద్ధులు, బాలెంతలు, పసిపిల్లలు అందఱును ఆ పాకలలోనే. గోపాలకృష్ణయ్యగారిని చెఱసాలకు పంపిరి. పదునొకండు మాసములు గడిచినవి. పన్ను తొలగలేదు. 1922లో వారు మూటలెత్తుకొని వెనుకకు నడచివచ్చి, తాళములు తీసికొని, యిండ్లు ఊడ్చుకొనిరి.